పెళ్లి వీడియోల స్టూడియోలో మా డాక్యుమెంటరీ ఎడిటింగ్

అమలాపురంలో పెళ్లి వీడియోలు చేసే ఒక స్టూడియోలో మా డాక్యుమెంటరీ ఎడిటింగ్ చేయించాం. పోలవరం ముంపు ఊళ్లలోని కొండరెడ్లు, కోయల మీద తీసిన నలభై నిమిషాల సినిమా. గ్రామసభల్లో వేయాలి, పునరావాసం అర్జీలతో పాటు ఆఫీసర్లకు ఇవ్వాలి. హైదరాబాద్ రేట్లు మాకు అందవు. ఇక్కడ మెచ్చుకోలుతో పాటు ఆ షాపు మీద తిట్లు కూడా ఉన్నాయి కాబట్టి పేరు రాయడం లేదు.

సౌండ్‌కి మాత్రం వంక పెట్టలేం. లాంచీలో తీసిన ఇంటర్వ్యూలో ఇంజన్ మోత తగ్గించి మాట తేల్చాడు అక్కడి ఎడిటరు. బ్యాండ్ మేళం హోరులోంచి పంతులుగారి మంత్రం పైకి లాగడం వాళ్లకి రోజూ ఉన్న పనే కదా! కోయ మాటలకు తెలుగు సబ్‌టైటిల్స్ వేసేటప్పుడు మా చింతూరు కుర్రాణ్ని ఫోన్లో ఉంచుకుని, ఏ మాట ఎక్కడ ఆగుతుందో అడిగి మరీ వేశాడు.

అసలు గొడవ కలర్ దగ్గర. వీఆర్ పురం మండలంలో ఒక పెద్దావిడ తన ఇంటి గోడ మీద వరద మరక వేలితో చూపిస్తుంది. 2022 జూలైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటిందే, అప్పటి మట్టిగీత అది. పోలవరం మొదటి దశ పునరావాసం 41.15 మీటర్ల కాంటూరు, అంటే సముద్రమట్టం నుంచి అంత ఎత్తు దాకానే. ఆ పైన 45.72 వరకు ఉన్నవాళ్లు తర్వాతి దశ కోసం చూస్తూ కూర్చోవాలి. నీళ్లకు ఈ దశలు తెలియవు. ఆ గీతే మా సాక్ష్యం. ఈ ఎడిటరు ఎడియస్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో పెళ్లికూతురికి వాడే సెట్టింగ్ వేసేసరికి ఆవిడ మొహం తెల్లబడింది, గోడ మీద గీత మాయమైంది.

“మొహాలు నల్లగా పడ్డాయండి మేడంగారూ, కాస్త తేర్చానండి” అన్నాడు. ఒంటి రంగు కూడా లోపమేనా? మొత్తం తీయించాను. మారు మాట్లాడకుండా తీశాడు గానీ ఆ గంటలకూ బిల్లు వేశాడు.

గ్రామసభలో ఒకాయన తీర్మానం పుస్తకం చూపించమని నిలదీసే సీను కింద ఏడుపు వయొలిన్ పెట్టాడు. ఆయన ఏడవట్లేదు, కోపంగా ఉన్నాడు. షెడ్యూల్డ్ ప్రాంతంలో భూమి తీసుకునే ముందు గ్రామసభనో, తగిన స్థాయి పంచాయతీనో సంప్రదించాలని గిరిజన ప్రాంతాల పంచాయతీల కోసం వచ్చిన 1996 పెసా చట్టమే చెబుతోంది, దాని గురించే ఆయన అడుగుతున్నది. వయొలిన్ తీసేసి, అక్కడున్న జనం గోల అలాగే ఉంచమన్నాను.

ఇంకొకటి. అడక్కుండా మన క్లిప్పు వాట్సాప్ స్టేటస్‌లో పెట్టేశాడు. కెమెరా ముందు ఆఫీసర్లను తిట్టినవాళ్లు రేపు అదే ఆఫీసుకి వెళ్లాలి. చెప్పగానే తీసేశాడనుకోండి, అయినా ఈ మాట ముందే కాగితం మీద రాయించుకోండి.

గంటకు 400 తీసుకున్నాడు. మూఢంలోనో ఆషాఢంలోనో వెళ్తే ఇంకా తగ్గిస్తాడు, మనిషి కూడా పక్కన కూర్చుని పని చేస్తాడు. ముహూర్తాల రోజుల్లో మాత్రం ఫోన్ కూడా ఎత్తడు.