ఫేక్, డూప్లికేట్, ఆర్టిఫిషియల్: ఎక్కడ ఏది మేలు?

హైదరాబాద్‌లో అసలుది కాని ఏ వస్తువునైనా మనం 'డూప్లికేట్' అనేస్తాం. చార్జరైనా, వాచీ అయినా అంతే. కోఠిలో బేరమాడేటప్పుడు ఈ మాట చాలు. విదేశీ యూనివర్సిటీకి మెయిల్ రాసేటప్పుడు మాత్రం కాస్త ఆగాలి. ఇంగ్లీషులో డూప్లికేట్ అంటే ముందుగా రెండో ప్రతి. మార్కుల మెమో పోతే యూనివర్సిటీయే ఫీజు కట్టించుకుని ఇంకొకటి ఇస్తుంది, అదే డూప్లికేట్ మెమో. అది నిక్షేపంగా చెల్లుతుంది. మెయిల్‌లో ఆ మాట రాయడానికి టెన్షన్ పడక్కర్లేదు. దొంగ సర్టిఫికెట్‌ను మాత్రం 'ఫేక్' అనే రాయాలి. దాన్ని డూప్లికేట్ అంటే చదివేవాళ్లకు నేరమే కనపడదు.

నన్నడిగితే, ఎంచుకునే ముందు చూడాల్సింది ఒక్కటే: ఇందులో ఎవరినైనా మోసం చేసే ఉద్దేశం ఉందా? ఉంటే ఫేక్. దొంగనోట్లకూ, బ్రాండ్ పేరు కొట్టేసిన సరుకుకూ 'కౌంటర్‌ఫీట్' ఇంకా మేలు. దొంగనోటు దొరికితే బ్యాంకువాళ్లు దాని మీద వేసే ముద్రలో ఉండేది ఈ మాటే. నకిలీ మందుల గురించి ఫిర్యాదు రాస్తుంటే 'స్ప్యూరియస్' వాడండి, 1940 నాటి డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టంలో ఉన్నది అదే.

మోసం లేనిచోట ఫేక్ అనడం అన్యాయం. లాడ్ బజార్‌లో 'ఇమిటేషన్' అని చెప్పే గిల్టు నగలు అమ్మే మనిషి నిజమే చెబుతున్నాడు. ముత్యాల విషయంలో ఇంకా జాగ్రత్త కావాలి. పత్తర్‌గట్టీలో 'కల్చర్డ్' అంటే మనిషి చొరవతో ఆల్చిప్పలోనే పెరిగిన అసలు ముత్యం. ఇమిటేషన్ అంటే పూత పూసిన గాజుపూసో ప్లాస్టిక్ పూసో. రెంటినీ ఒకే గాటన కట్టి ఆర్టిఫిషియల్ అనకూడదు. ఇక కాలు పోగొట్టుకున్న మనిషి పెట్టుకునేది ఆర్టిఫిషియల్ లింబ్. దాన్ని ఫేక్ లెగ్ అంటే ఆ మనిషి మనసు నొచ్చుకుంటుంది.

'ఫాల్స్' మాత్రం ఈ లెక్కకు లొంగదు. ఫాల్స్ సీలింగ్‌లో, ఫాల్స్ టీత్‌లో మోసమేమీ లేదు. వాటిని అలాగే నేర్చుకోవాలి.

నవలలో పాత్ర ఫిక్షనల్, పసిపిల్లలు ఊహించుకునే నేస్తం ఇమాజినరీ. లేని అడ్రస్ ఇచ్చి సిమ్ తీసుకున్నవాడి మీద ఫిర్యాదులో 'ఫిక్టీషియస్ అడ్రస్' అని రాస్తే సరిగ్గా అతుకుతుంది.