తొలి మాన్యువల్‌గా ఏది మేలు: స్పిట్‌ఫైర్ నోట్సా, మస్టాంగ్ మాన్యువలా?

విశాఖ బీచ్ రోడ్డులో మ్యూజియంగా మార్చిన టీయూ-142 అనే పాత నౌకాదళ విమానం లోపలికి వెళ్లి వచ్చిన ఇంటర్ పిల్లలు, ఎన్‌డీఏ పరీక్షకు చదువుతున్నవాళ్లు నన్ను తరచుగా అడిగే ప్రశ్న ఒకటే: పైలట్లు చదివే మాన్యువల్‌ను మేమూ చదవాలంటే దేనితో మొదలుపెట్టాలి? ఈమధ్య మా అక్క కొడుకు కోసం నేనే ఒకటి ఎంచుకోవలసి వచ్చింది కాబట్టి, ఆ ఎంపికకు కారణాలను ఇక్కడ వివరంగా రాస్తున్నాను. నేను మాట్లాడేది రహస్యం తొలగి, పునర్ముద్రణలుగా అందరికీ దొరికే పాత మాన్యువళ్ల గురించి మాత్రమే. ఇప్పుడు సేవలో ఉన్న విమానాల పత్రాల కోసం ఎవరూ వెతకకూడదు, ఎవరైనా ఇస్తామన్నా తీసుకోకూడదు. నౌకాదళం ఉన్న ఊళ్లో పెరిగే పిల్లలకు ఈ మాట మరీ గట్టిగా చెప్పాలి.

పోటీ ప్రధానంగా రెండో ప్రపంచయుద్ధపు రెండు ఫైటర్ విమానాల పుస్తకాల మధ్య. ఒకటి 1940లో బ్రిటిష్ ఎయిర్ మినిస్ట్రీ స్పిట్‌ఫైర్ మార్క్ 2 కోసం వెలువరించిన పైలట్స్ నోట్స్. రెండోది అమెరికా సైన్యపు వైమానిక దళం పీ-51 మస్టాంగ్ కోసం తయారుచేసిన శిక్షణ మాన్యువల్. ఈ రెండింటినే ఎంచుకోవడానికి కారణం ఇంజన్. స్పిట్‌ఫైర్‌లో ఉన్నది రోల్స్ రాయిస్ మెర్లిన్. మస్టాంగ్ డీ రకంలో ఉన్నది అదే మెర్లిన్‌ను ప్యాకర్డ్ కంపెనీ లైసెన్సు మీద అమెరికాలో తయారుచేసినది. ఒకే పాఠాన్ని ఇద్దరు గురువులు ఎలా చెప్పారో పక్కపక్కన పెట్టి చూసే అవకాశం ఇంత చక్కగా మరోచోట దొరకదు.

స్పిట్‌ఫైర్ నోట్స్ చిన్న పుస్తకం. అందులో ప్రతి వాక్యమూ ఆదేశమే. గాల్లోకి లేచే ముందు తప్పక చేయవలసిన పనులను 'టి.ఎం.పి., ఫ్యూయల్, ఫ్లాప్స్, రేడియేటర్' అని ఒక్క వరుసలో చెబుతుంది: ట్రిమ్ (విమానాన్ని సమతూకంలో ఉంచే సర్దుబాటు), మిక్స్‌చర్ (గాలి, పెట్రోలు కలిసే పాళ్లు), పిచ్ (ప్రొపెల్లర్ రెక్కల వాలు), ఆ తరువాత ఇంధనం, ఫ్లాప్స్ (రెక్కల వెనుక అంచున కిందికి దిగే పలకలు), రేడియేటర్. దిగేటప్పుడు 'యు.ఎం.పి., ఫ్లాప్స్': చక్రాలు, మిక్స్‌చర్, పిచ్, ఫ్లాప్స్. ఎక్కాల్లాగా రెండు రోజుల్లో నోటికి వచ్చేస్తుంది, మళ్లీ మరిచిపోవడం కష్టం. అమెరికన్లు జ్ఞాపకం మీద ఇంత భారం వేయలేదు. 1935 అక్టోబరు 30న రైట్ ఫీల్డులో బోయింగ్ మోడల్ 299 అనే బాంబర్ నమూనా విమానం, గాలికి కదలకుండా తోకభాగానికి వేసిన తాళం తీయకుండానే పైకి లేచి కూలిపోయింది. ఎంతో అనుభవమున్న టెస్ట్ పైలట్ మేజర్ హిల్ అందులో మరణించారు. ఆ తరువాతే కాగితం చేతిలో పట్టుకుని చదువుతూ సరిచూసుకునే చెక్‌లిస్టు అక్కడ స్థిరపడింది. రెండు పద్ధతులూ ప్రాణాలు కాపాడినవే కాబట్టి, ఈ విషయంలో ఒకదాన్ని తక్కువ చేయలేను.

నా దృష్టిలో తేల్చవలసిన విషయం వేరే ఉంది. ఆదేశం పక్కనే దాని కారణం ఉందా, లేదా? మావాడితో ఇది స్వయంగా చూశాను. వాడు అట్టముక్క మీద మస్టాంగ్ కాక్‌పిట్ బొమ్మను అసలు కొలతకు గీసుకుని, మా వరండాలో ప్లాస్టిక్ కుర్చీ ముందు నిలబెట్టుకున్నాడు. కళ్లకు తువ్వాలు కట్టుకుని, నేను పేరు చెప్పగానే ఆ మీటను వేలితో తాకాలి. ఆ రోజుల్లో అమెరికన్ శిక్షణలో నిజంగా జరిపిన పరీక్షే ఇది. ఇంధనం మీట దగ్గరకు రాగానే తువ్వాలు పైకి జరిపి, "మావయ్యా, రెండు రెక్కల్లోనూ ట్యాంకులు ఉన్నాయి కదా, ముందు ఎడమదే ఎందుకు వాడాలి?" అని అడిగాడు. దానికి జవాబు మాన్యువల్‌లోనే ఉంది. కార్బ్యురేటర్ నుంచి వేరుపడిన ఆవిరి, దానితో పాటు కొంత పెట్రోలు ఒక గొట్టం ద్వారా ఎడమ ట్యాంకుకే తిరిగి వస్తాయి. అక్కడ ఖాళీ లేకపోతే ఆ పెట్రోలు బయటకు పొర్లి వృథా అవుతుంది. అలాగే సీటు వెనుక ఉన్న 85 గ్యాలన్ల ట్యాంకు నిండుగా ఉన్నప్పుడు బరువు తోక వైపు జరిగి, గట్టిగా మలుపు తిప్పితే స్టిక్ (విమానాన్ని నడిపే చేతికర్ర) మీద ఒత్తిడి తలకిందులవుతుందని, కాబట్టి ఆ ట్యాంకు తగ్గేవరకు విన్యాసాలు చేయవద్దని హెచ్చరిస్తుంది. కారణం తెలిసిన నిషేధాన్ని పిల్లలు మరిచిపోరు. అందుకే నా ఓటు మస్టాంగ్ మాన్యువల్‌కే.

అయితే రెండూ కలిపి చదివేవాళ్లు కొలతల దగ్గర జాగ్రత్తపడాలి. స్పిట్‌ఫైర్ మార్క్ 2లో మొత్తం ఇంధనం 85 గ్యాలన్లు; మస్టాంగ్ సీటు వెనుక ట్యాంకు కూడా 85 గ్యాలన్లే. కానీ మొదటిది బ్రిటిష్ గ్యాలన్, అంటే సుమారు 386 లీటర్లు. రెండోది అమెరికన్ గ్యాలన్, సుమారు 322 లీటర్లు. ఇంజన్‌లోకి వెళ్లే గాలి ఒత్తిడిని బ్రిటిష్‌వాళ్లు వాతావరణ పీడనం కంటే చదరపు అంగుళానికి ఎన్ని పౌండ్లు ఎక్కువో చెబుతారు, అమెరికన్లు మొత్తం ఎన్ని అంగుళాల పాదరసమో చెబుతారు. బ్రిటిష్ లెక్కలో ప్లస్ 12 అంటే అమెరికన్ లెక్కలో దాదాపు 54 అంగుళాలు. ఈ మార్పిడి ఒకసారి చేత్తో చేసి చూస్తే రెండు పుస్తకాలూ ఒకే ఇంజన్ గురించి మాట్లాడుతున్నాయని అర్థమవుతుంది.

యుద్ధం తరువాత వచ్చిన అమెరికన్ జెట్ విమానాల 'డ్యాష్ వన్' మాన్యువళ్లు మరింత సమగ్రమైనవి. వార్నింగ్ అంటే ప్రాణాపాయం, కాషన్ అంటే యంత్రానికి నష్టం అని స్పష్టంగా వేరుచేస్తాయి. కానీ జెట్ ఇంజన్, హైడ్రాలిక్స్ గురించి కొంత తెలిశాకే వాటి జోలికి వెళ్లాలి. సోవియట్ మాన్యువళ్లు రష్యన్ వచ్చినవాళ్లకే. పైగా టీయూ-142 లాంటివి అనేకమంది సిబ్బంది నడిపే విమానాలు కాబట్టి తొలి పుస్తకానికి పనికిరావు.

మావాడు మస్టాంగ్ ముగించి ఇప్పుడు స్పిట్‌ఫైర్ నోట్స్‌లోకి వచ్చాడు. ఆదేశం మాత్రమే ఉన్న ప్రతిచోటా అంచు ఖాళీలో పెన్సిల్‌తో కారణం రాస్తున్నాడు. ఫ్లాప్స్ దగ్గర "ఇందులో రెండే స్థానాలు, పూర్తిగా పైకి లేదా పూర్తిగా కిందికి, కిందికి దించితే లేవడానికి అడ్డు" అని, రేడియేటర్ దగ్గర "కుడి రెక్క కింద ఉంది, నేల మీద చక్రం కాలు గాలిని కొంత ఆపుతుంది, త్వరగా వేడెక్కుతుంది" అని రాశాడు. మిక్స్‌చర్ దగ్గర ఖాళీ ఇంకా అలాగే ఉంది. దాని గురించి వచ్చే ఆదివారం కూర్చుంటాం.