8 టీబీ అని అమ్మిన డ్రైవ్‌లో ఉన్నది 64 జీబీ: గేములు తరలించేవారికి హెచ్చరిక

తక్కువ ధరకు ఎక్స్‌టర్నల్ ఎస్‌ఎస్‌డీ (బయటి నుంచి కేబుల్‌తో పెట్టుకునే వేగమైన స్టోరేజ్ డ్రైవ్) కొని, లాప్‌టాప్‌లోని గేములన్నీ దానిలోకి తరలించాలని చూస్తున్నవారు దయచేసి ఇది చదివాకే ఆ పని మొదలుపెట్టండి. ఇప్పటికే కొన్నవారైతే తిప్పి పంపడానికి ఇంకా ఎన్ని రోజుల గడువు ఉందో ముందు చూసుకోండి. నాకు ఇచ్చిన గడువు ఏడు రోజులు. మోసం బయటపడింది పన్నెండో రోజున.

మాది అనకాపల్లి జిల్లాలో ఒక పల్లె. మా వీధికి ఫైబర్ కనెక్షన్ ఇంకా రాలేదు. ఇంట్లో ఉన్న ఇంటర్నెట్ అంతా ఫోనులో రోజుకు వచ్చే 2 జీబీ డేటాయే. కొత్త గేము కొన్నప్పుడల్లా లాప్‌టాప్ పట్టుకుని విశాఖపట్నంలో ఉన్న మిత్రుడి గదికి వెళ్తాను. రాత్రంతా డౌన్‌లోడ్ పెట్టి, తెల్లవారాక బస్సెక్కి తిరిగి వస్తాను. నా డిస్కులో ఉన్న ఒక్కో గేము వెనుక ఒక్కో ప్రయాణం ఉంది. అందుకే చోటు చాలనప్పుడు గేములను తీసేయడానికి నాకు మనసు ఒప్పదు. లాప్‌టాప్‌లో ఉన్నది 512 జీబీ ఎస్‌ఎస్‌డీ. విండోస్ దాన్ని 476 జీబీగా చూపిస్తుంది. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 ఒక్కదానికే 150 జీబీ ఖాళీ ఉండాలని దాని తయారీదారులు చెబుతారు. ఇక నాలుగు పెద్ద గేములు పెట్టుకుంటే ఏం మిగులుతుంది?

ఒక ఆన్‌లైన్ దుకాణంలో 8 టీబీ (అంటే 8,000 జీబీ) పోర్టబుల్ ఎస్‌ఎస్‌డీ 2,800 రూపాయలకు కనిపించింది. వేల సంఖ్యలో రేటింగులు, నాలుగు చుక్కల పైన సగటు, కొన్నవారు పెట్టిన ఫోటోలు. ఆ ఫోటోల్లో విండోస్ తెర మీద 7.27 టీబీ అని స్పష్టంగా ఉంది. నాకు లెక్క తెలుసు. తయారీదారులు వెయ్యి చొప్పున లెక్కిస్తారు, విండోస్ 1,024 చొప్పున లెక్కిస్తుంది. కాబట్టి నిజమైన 8 టీబీ డ్రైవ్ 7.27గానే కనిపించాలి. ఆ అంకె చూసే నమ్మాను. తెలిసిన లెక్కే నన్ను మోసగించింది. డ్రైవ్ తన గురించి తాను చెప్పుకునే సైజును విండోస్ అలాగే చూపిస్తుంది తప్ప, లోపలికి వెళ్లి కొలవదు.

డ్రైవ్ వచ్చింది. లోహపు పెట్టె, చేతికి బరువుగా తగిలింది. మొదట ది విచర్ 3 తరలించాను. అది 50 జీబీ ఉంటుంది. బాగానే ఆడింది. రెండు గంటలు ఆడి చూసి, ఇక నిశ్చింత అనుకున్నాను. ఆ తర్వాత వారం రోజుల్లో తీరిక దొరికినప్పుడల్లా ఒక్కో గేము పంపాను. రెడ్ డెడ్, జీటీఏ 5, సైబర్‌పంక్ 2077. అన్నీ కలిపి 310 జీబీ. ఏ దశలోనూ ఒక్క ఎర్రర్ రాలేదు. నిదానంగా కాపీ అవుతోందని మాత్రం గమనించాను. కేబుల్ లోపం అనుకుని వదిలేశాను.

చివరగా చేసిన పని తలచుకుంటే ఇప్పటికీ గుండె కలుక్కుమంటుంది. మా తమ్ముడు 2020 లాక్‌డౌన్‌లో మైన్‌క్రాఫ్ట్ అనే ఆటలో మా ఊరిని కట్టడం మొదలుపెట్టాడు. చెరువు గట్టు, బడి, రామాలయం, తాతయ్య ఇల్లు, ఇంటి ముందు నూతి గట్టు. తాతయ్య పోయాక ఆ ఇంటిని పడగొట్టారు. ఆటలో మాత్రం అరుగుతో సహా అలాగే ఉండేది. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో మనం కట్టిన ప్రపంచం మన కంప్యూటర్‌లోనే ఉంటుంది. దానంతట అది ఇంటర్నెట్‌లో ఎక్కడా భద్రపడదు. ఆ ఫోల్డర్‌ను కూడా కట్ చేసి కొత్త డ్రైవ్‌లో పేస్ట్ చేశాను. 8 టీబీ ఉంది కదా, అక్కడైతే పదిలంగా ఉంటుందనుకున్నాను.

పన్నెండో రోజు రెడ్ డెడ్ తెరిస్తే తెరుచుకోలేదు. గేములు కొని, దించుకుని ఆడే ప్రోగ్రాము స్టీమ్‌లో గేము ఫైళ్లను సరిచూసే వెరిఫై సదుపాయం నడిపాను. వందల ఫైళ్లు చెడిపోయాయని, మళ్లీ డౌన్‌లోడ్ చేస్తానని చెప్పింది. హాట్‌స్పాట్ పెట్టాను. ఆ రోజు 2 జీబీ అందులోనే అయిపోయింది. మర్నాడు మళ్లీ సరిచూస్తే, ముందు రోజు దించుకున్న ఫైళ్లు కూడా చెడినవాటి జాబితాలోనే ఉన్నాయి. అప్పుడు తమ్ముడి ఫోల్డర్ తెరిచాను. ఫైళ్ల పేర్లు ఉన్నాయి, సైజులు సరిగ్గా ఉన్నాయి. లోపల చూస్తే మొదటి నుంచి చివరి దాకా సున్నాలే.

మరలు విప్పి పెట్టె తెరిచాను. వేలి గోరంత మెమరీ కార్డు ఒకటి చిన్న బోర్డు మీద జిగురుతో అంటించి ఉంది. దాని పక్కన బరువు కోసం ఒక ఇనుప రేకు. పరీక్షిస్తే ఆ కార్డులో నిజంగా పనిచేసే చోటు 58 జీబీ పైచిలుకు అని తేలింది. అంటే బజారులో 64 జీబీ పేరుతో దొరికే కార్డు.

ఇది ఎలా సాధ్యమని చాలామంది అడిగారు. ప్రతి ఫ్లాష్ డ్రైవ్‌లోనూ కంట్రోలర్ అనే చిప్ ఉంటుంది. నా సైజు ఇంత అని కంప్యూటర్‌కు చెప్పేది అదే. దాని ప్రోగ్రామును మార్చి 8 టీబీ అని చెప్పిస్తారు. అసలు చోటు నిండేవరకు రాసినవన్నీ నిజంగానే భద్రమవుతాయి. ఆ తర్వాత రాసినవాటికి కూడా కంట్రోలర్ "రాశాను" అనే జవాబిస్తుంది కానీ, వాటిని ఎక్కడా దాచదు. కొన్ని నకిలీలు కొత్తవాటిని పాతవాటి మీదే రాసేస్తాయి, అప్పుడు మొదట్లో పెట్టినవీ పోతాయి. ఫైళ్ల పేర్లు, సైజులు నమోదయ్యే పట్టిక మొదటి భాగంలో ఉంటుంది కాబట్టి బయటికి అంతా సవ్యంగా కనిపిస్తుంది. కాపీ చేసిన వెంటనే ఒక చిన్న ఫైలు తెరిచి చూసినా తెలియదు. విండోస్ ఇంకా తన ర్యామ్‌లో (తాత్కాలిక మెమరీలో) ఉన్న నకలునే చూపిస్తుంది.

స్టీమ్‌లో గేమును మూవ్ చేయడమంటే రెండు పనులు. ముందు కొత్త డ్రైవ్‌లోకి కాపీ చేస్తుంది, తర్వాత పాత చోట ఉన్నదాన్ని తీసేస్తుంది. కొత్త డ్రైవ్ "రాశాను" అని అబద్ధం చెబితే, అంతా సరిగ్గా జరిగిందనుకుని మన దగ్గరున్న ఒకే ఒక్క మంచి ప్రతిని తుడిచేస్తుంది. విండోస్‌లో కట్, పేస్ట్ చేసినా అంతే. నకిలీ డ్రైవ్‌లో సినిమాలు కాపీ చేసుకున్నవారికి కనీసం అసలు ఫైళ్లు మిగులుతాయి. గేములు తరలించేవారికి ఏదీ మిగలదు.

రేటింగుల గురించి కూడా చెప్పాలి. అవి అన్నీ డబ్బిచ్చి రాయించినవి అని నేను అనను. డ్రైవ్ అందిన రోజే పెట్టి, 7.27 టీబీ చూసి, నాలుగు ఫోటోలు కాపీ చేసి, సంతోషంగా అయిదు చుక్కలు ఇచ్చినవారు ఎందరో ఉంటారు. 58 జీబీ నిండేవరకు వారి మాట నిజమే. ఇలాంటి వస్తువుకు మొదటి వారం రివ్యూలు సాక్ష్యంగా పనికిరావు. రెండు నెలలు వాడి ఒక్క చుక్క ఇచ్చినవారి మాటలు వెతికి చదవండి. నేను చదవలేదు. తర్వాత వెతికితే, నా కథే ముగ్గురు రాసి ఉన్నారు.

నేను పట్టించుకోని సంకేతం వేగం. అసలైన యూఎస్‌బీ 3 ఎస్‌ఎస్‌డీ పెద్ద ఫైళ్లను సెకనుకు 400 ఎంబీ చొప్పున సులభంగా రాస్తుంది. 150 జీబీ గేము ఆరేడు నిమిషాల్లో వెళ్లాలి. నా డ్రైవ్ సెకనుకు 25 ఎంబీ దాటలేదు. అదే గేముకు గంటా నలభై నిమిషాలు పట్టింది. కేబుల్ మార్చినా, లాప్‌టాప్‌లో నీలం రంగు (యూఎస్‌బీ 3) పోర్టుకు పెట్టినా వేగం పెరగకపోతే అది ఎస్‌ఎస్‌డీ కాదని అనుమానించండి. ఇక ధర. పేరున్న కంపెనీల 1 టీబీ డ్రైవే 2,800కు రానప్పుడు దానికి ఎనిమిదింతలు ఆ ధరకు ఎలా వస్తుందని ఒక్క నిమిషం ఆగి ఆలోచించి ఉండాల్సింది.

అయితే వేగం, ధర అనుమానాన్ని మాత్రమే ఇస్తాయి. నిర్ధారణకు పరీక్ష ఉంది, ఉచితంగానే. విండోస్‌లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే చిన్న ప్రోగ్రాము డ్రైవ్ నిండా తనకు తెలిసిన డేటా రాసి, మళ్లీ చదివి పోల్చి చూస్తుంది. ఖాళీ డ్రైవ్ మీద నడపాలి. 8 టీబీ మొత్తం రాయించి చదివించాలంటే నకిలీ డ్రైవ్ వేగానికి నాలుగు రోజులు దాటుతుంది. కాబట్టి తొలిదశలో 300 జీబీ రాయించి చదివించినా చాలు. నాకు అంతలోనే నిజం తెలిసింది. అయితే ఆ మేరకు పాసైతే 300 జీబీ వరకే నమ్మకం, అంతకు మించి వాడదలిస్తే మొత్తం రాయించాల్సిందే. అంత వ్యవధి లేనివారికి స్టీవ్ గిబ్సన్ రూపొందించిన వాలిడ్రైవ్ ఉంది. అది డ్రైవ్ పొడవునా అక్కడక్కడా వందల చోట్ల రాసి, చదివి, ఎక్కడ నిజమైన చోటు ఉందో ఎక్కడ లేదో రంగు గడులతో చూపిస్తుంది. కొన్ని నిమిషాల పని. లినక్స్ వాడేవారికి ఎఫ్3 ఉంది. డ్రైవ్ అందిన రోజే, దానిలో మీది ఒక్క ఫైలు కూడా పెట్టకముందే, వీటిలో ఒకటి నడపండి.

పరీక్షలో నెగ్గిన డ్రైవ్ అయినా నేరుగా మూవ్ నొక్కకండి. స్టీమ్ లైబ్రరీలో స్టీమ్‌యాప్స్ అనే ఫోల్డర్, దానిలో కామన్ అనే ఫోల్డర్ ఉంటాయి. ఒక్కో గేము కామన్‌లో ఒక్కో ఫోల్డర్‌గా ఉంటుంది. స్టీమ్‌ను మూసేసి, ఆ గేము ఫోల్డర్‌ను, దానికి సంబంధించిన యాప్‌మానిఫెస్ట్ ఫైలును (స్టీమ్‌యాప్స్‌లో ఉండే, ఆ గేము వివరాలు నమోదైన చిన్న ఫైలు) కొత్త డ్రైవ్‌లోని లైబ్రరీలో అవే చోట్లకు కాపీ చేయండి. కట్ చేయకండి. పాత చోట ఉన్న యాప్‌మానిఫెస్ట్‌ను ఒక పక్క ఫోల్డర్‌లోకి జరిపి స్టీమ్ తెరిస్తే, గేము కొత్త డ్రైవ్‌లో ఉన్నట్టు గుర్తిస్తుంది. డ్రైవ్‌ను ఒకసారి తీసి, కంప్యూటర్‌ను రీస్టార్ట్ చేసి, మళ్లీ పెట్టి, వెరిఫై నడపండి. అన్నీ సరిగ్గా ఉన్నాయని చెప్పాకే పాత ఫోల్డర్‌ను తీసేయండి. రీస్టార్ట్ ఎందుకంటే ర్యామ్‌లో ఉన్న నకలు కాకుండా డ్రైవ్‌లో ఉన్నదే చదవాలి కాబట్టి. మైక్రోసాఫ్ట్ స్టోర్ నుంచి వచ్చిన గేములను ఇలా చేత్తో కాపీ చేయడం కుదరదు, విండోస్ సెట్టింగ్స్ ద్వారానో ఎక్స్‌బాక్స్ యాప్ ద్వారానో తరలించాలి. అందుకే వాటి విషయంలో డ్రైవ్ పరీక్ష మరీ ముఖ్యం.

సేవ్ ఫైళ్లను, అంటే ఆటలో మనం ఎంతవరకు వచ్చామో నమోదయ్యే ఫైళ్లను, గేముతో కలిపి చూడకండి. చాలా గేముల సేవ్ ఫైళ్లు గేము ఫోల్డర్‌లో ఉండవు. విండోస్‌లోని డాక్యుమెంట్స్ ఫోల్డర్‌లోనో, యాప్‌డేటా ఫోల్డర్‌లోనో ఉంటాయి. వాటి సైజు కూడా తక్కువే. వాటిని ఉన్నచోటే ఉంచి, అదనంగా ఒక నకలు పెన్‌డ్రైవ్‌లోనో ఆన్‌లైన్ ఖాతాలోనో పెట్టండి. స్టీమ్ క్లౌడ్ (సేవ్‌ల నకలును ఇంటర్నెట్‌లో దాచే సదుపాయం) ఉన్న గేముల సేవ్‌లు నాకు తిరిగి వచ్చాయి. రెడ్ డెడ్ సేవ్‌లు డాక్యుమెంట్స్‌లోనే ఉండిపోయాయి కాబట్టి నా గుర్రం, సగంలో ఆపిన కథ ఎక్కడివి అక్కడే ఉన్నాయి. అయితే క్లౌడ్ సదుపాయం అన్ని గేములకూ ఉండదు. స్టీమ్‌లో ఒక్కో గేము పేజీలో ఆ సంగతి రాసి ఉంటుంది, చూసుకోండి.

అమ్మకందారుకు రాశాను. ఫార్మాట్ చేసి చూడండి అని ఒకటే జవాబు, మూడుసార్లు. ఆన్‌లైన్ దుకాణం గడువు ముగిసిందని చెప్పింది. అక్కడితో ఆగిపోనక్కరలేదు. 2020 నాటి ఈ-కామర్స్ వినియోగదారుల రక్షణ నిబంధనల ప్రకారం నకిలీ వస్తువునో, చెప్పిన లక్షణాలు లేని వస్తువునో వెనక్కి తీసుకోబోమని అమ్మకందారు అనకూడదు. దుకాణంలోని ఫిర్యాదుల అధికారి 48 గంటల్లో మన ఫిర్యాదు అందినట్టు తెలపాలి, నెలలోపు పరిష్కరించాలి. ఈ నిబంధన పేరు రాసి ఫిర్యాదుల అధికారికే నేరుగా మెయిల్ పంపాను. అదే రోజు జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోను చేసి నమోదు చేయించాను. పరీక్ష ఫలితం తెర ఫోటో, తెరిచిన పెట్టె ఫోటోలు, 8 టీబీ అని రాసి ఉన్న అమ్మకపు పేజీ ఫోటో జతచేశాను. ఆ పేజీని ముందే ఫోటో తీసి ఉంచడం మంచిదైంది, వారం తిరక్కుండానే అది కనిపించకుండా పోయింది. పంతొమ్మిదో రోజున 2,800 రూపాయలు ఖాతాలో పడ్డాయి. రాకపోయి ఉంటే జిల్లా వినియోగదారుల కమిషన్‌కు వెళ్లేవాడిని. 5 లక్షల లోపు విలువకు అక్కడ రుసుము లేదు, కొన్నవారు ఉండే జిల్లాలోనే కేసు వేయవచ్చు.

పెట్టె తెరిచే పని మాత్రం ఫోటోలతో పాటు పరీక్ష ఫలితం కూడా చేతికొచ్చాకే చేయండి. ముందే తెరిస్తే మీరే పాడు చేశారంటారు. వీలైతే పార్సిల్ విప్పేటప్పుడే వీడియో తీయండి.

డబ్బు వచ్చింది కానీ 310 జీబీ తిరిగి రాలేదు. ఫోను డేటాతో అయితే 155 రోజులు పట్టే పని అది. రెండు శనివారాలు విశాఖ వెళ్లి వచ్చాను, ఇంకో రెండు మిగిలి ఉన్నాయి. తమ్ముడి ప్రపంచం కోసం రికవరీ ప్రోగ్రాములు కూడా ప్రయత్నించాను. రాయనే రాయని డేటాను ఏ ప్రోగ్రామూ తేలేదు. లాప్‌టాప్‌లో అది ఉన్న చోట ఆ తర్వాత వేరే ఫైళ్లు పడ్డాయి. వాడు నన్ను ఒక్క మాట అనలేదు. నిన్న సాయంత్రం అమ్మ దగ్గరున్న పాత ఫోటోలు ముందేసుకుని, తాతయ్య ఇంటి అరుగు ఎన్ని అడుగులు ఉండేదో అడుగుతున్నాడు.

అదే పెట్టె, అవే ఫోటోలు ఇప్పుడు వేరే పేరుతో, 16 టీబీ అని మళ్లీ అమ్మకానికి వచ్చాయి. మీ దగ్గర అలాంటిది ఉంటే, గడువు ఇంకా ఉంటే, ఈ రాత్రే పరీక్ష పెట్టి పడుకోండి.