మూడా, ఏడా? ఏథియాన్ మీద మా జట్టు పద్ధతి, నాలుగేళ్ళ వాడకం తర్వాత

డెస్టినీ 2 అనే వీడియో గేమ్‌లో ఏథియాన్ అనే బాస్ చేతిలో మా జట్టు చచ్చిన చావులన్నింటిలో నాకు బాగా గుర్తున్నది ఒక్కటే. నేను లోపల ఉన్నాను, చుట్టూ ఎర్రటి ఇసుక. ఎదురుగా ఆరకిల్స్ అనే కాంతి గోళాలు వెలుగుతున్నాయి. బయటి నుంచి మా బావ గొంతు హెడ్‌సెట్‌లో గరగరలాడుతూ వచ్చింది: "ఒకటి, ఏడు, మూడు." నాకు "ఒకటి, మూడు, ఏడు" అని వినిపించింది. కాల్చేశాను. ఆ తర్వాత పది నిమిషాలు ఆట ఆగిపోయి, ఎవరు ఏమన్నారు, ఎవరు ఏమి విన్నారు అన్న పంచాయితీ నడిచింది. బావ టెక్సస్‌లో ఉంటాడు. అక్కడ అప్పుడు ఉదయం పదిన్నర, కాఫీ చల్లారిపోయిందని విసుక్కున్నాడు. మాకు రాత్రి తొమ్మిది, అన్నం చల్లారిపోయింది.

తెలియనివారి కోసం నాలుగు మాటలు. డెస్టినీ 2 ఆటలో రైడ్ అంటే ఆరుగురు కలిసి ఆడే పెద్ద పోరు. వాల్ట్ ఆఫ్ గ్లాస్ ఈ ఆటల వరుసలో మొట్టమొదటి రైడ్. 2014 సెప్టెంబరులో మొదటి డెస్టినీలో వచ్చింది, 2021 మే 22న డెస్టినీ 2లోకి తిరిగి వచ్చింది. అదనంగా ఏ విస్తరణా కొనకుండా ఆడనిచ్చారు కాబట్టే మా ఆరుగురం దీనితో మొదలుపెట్టాం. దాని చివర్లో నిలబడి ఉండే, వెక్స్ అనే యంత్రజాతి శత్రువే ఏథియాన్. ఇప్పటికి నలభైకి పైగా సార్లు పడగొట్టాం. అంతకు ఎన్నో రెట్లు మేమే పడ్డాం.

మిగతా బాస్‌లతో ఏథియాన్‌కు ఉన్న తేడా ఒక్కటే, అదే ప్రాణం తీస్తుంది. ముందుగా పనులు పంచుకుని నిలబడదామంటే కుదరదు. ఆరుగురిలో ముగ్గురిని వాడే తనకు తోచినట్టు ఎంచుకుని, అంగారకుడి మీదకో శుక్రుడి మీదకో విసిరేస్తాడు. ఎవరు వెళ్తారో చివరి క్షణం దాకా తెలియదు. లోపలికి వెళ్ళినవాళ్ళలో ఒకరు రెలిక్ అనే డాలును అందుకుని, మసకబారుతున్న చూపును జట్టుకు శుభ్రం చేస్తూ ఉండాలి. బయట మిగిలిన ముగ్గురు సరైన పోర్టల్, అంటే ఆ గ్రహానికి దారి, తెరవాలి. ఆరకిల్స్ మూడేసి చొప్పున వెలుగుతాయి. ఏది ముందు, ఏది తర్వాత అన్నది కనిపించేది బయటివాళ్ళకు, కాల్చాల్సింది లోపలివాళ్ళు. చూసే కన్ను ఒకరిది, నొక్కే వేలు మరొకరిది. మధ్యలో ఉన్న వంతెన మైక్ ఒక్కటే.

అందుకే వీడియోలు చూసి నేర్చుకున్న "నువ్వు రెలిక్, నేను పోర్టల్" అన్న పంపకాన్ని రెండో వారానికే వదిలేశాం. మా విశాఖ తమ్ముడు రెలిక్ బ్రహ్మాండంగా పట్టేవాడు. కానీ ఏథియాన్ వరుసగా మూడుసార్లు వాణ్ణి బయటే వదిలేశాడు. రెలిక్ పట్టడం రాని ముగ్గురం లోపల చీకట్లో తడుముకున్నాం. ఆ తర్వాత ఒక నియమం పెట్టుకున్నాం: అందరికీ అన్నీ రావాలి. లోపలికి వెళ్ళిన ముగ్గురిలో పేరు అక్షరక్రమంలో ముందున్నవారు రెలిక్ పట్టాలి, అడగడాలు లేవు. బయట మిగిలినవారిలో కూడా అలాగే ముందున్నవారే వరుస చెప్పాలి, మిగతా ఇద్దరూ నోరు మెదపకూడదు. ఈ రెండో సగం అమలు చేయడం చాలా కష్టం. తెలుగువాళ్ళం ఆరుగురం ఒకే మైక్‌లో ఉండి ఒక్కరినే మాట్లాడనివ్వడం అంటే ఏథియాన్‌ను చంపడమే సులువు.

ఇక పేర్ల సంగతి. ఆరకిల్స్ వెలిగే చోట్లు ఏడు. ఎడమ మూడు, నడుమ ఒకటి, కుడి మూడు. మొదట అందరిలాగే ఎడమ ఒకటి, కుడి రెండు అని పిలిచాం. చెప్పేవాడు ఎటు తిరిగి ఉన్నాడో దాన్నిబట్టి ఎడమ కుడి అయ్యేది. పైగా మాట పొడవు. మూడు పేర్లు చెప్పేసరికి ఊపిరి అయిపోయేది.

తర్వాత ఒకటి నుంచి ఏడు దాకా అంకెలు. పొట్టిగా ఉన్నాయి కదా అని సంతోషించాం. రెండు, మూడు, ఏడు. తుపాకుల మోతలో చెవికి అందేది చివరి "డు" ఒక్కటే. మొదట చెప్పిన చావు ఈ కాలానిదే.

అప్పుడు మా గుంటూరు అక్కకు వారాలు తట్టాయి. ఏడు చోట్లు, ఏడు వారాలు. సోమ, మంగళ, బుధ, గురు, శుక్ర, శని, ఆది. ఒక్కో మాట ఒక్కోలా ఉంది, ఒకటి విని ఇంకొకటి అనుకునే వీలు లేదు. ఒక శనివారం రెండు సార్లు నున్నగా గెలిచాం. మూడోసారి తమ్ముడు లోపలి నుంచి "శుక్ర, శుక్ర!" అని అరిచాడు. తాము శుక్రుడి మీద పడ్డామని, ఆ పోర్టల్ తెరవమని వాడి ఉద్దేశం. బయట నేను అయిదో ఆరకిల్ గురించి ఏదో అంటున్నాడనుకుని దాని వైపు చూస్తూ నిలబడ్డాను. మంగళ అన్నా అదే తంటా. ఈ పోరులో ఉన్నవే రెండు గ్రహాలు, ఆ రెండింటికీ మన వారాల్లో చోటు ఉంది. పోర్టల్స్‌ను ఎరుపు, ఆకుపచ్చ అని మార్చి చూశాం. కంగారులో పాత మాటే నోటికి వచ్చేది.

చివరికి నిలిచినవి సరిగమలు. ఎడమ కొస నుంచి స, రి, గ, నడుమ మ, ఆపైన ప, ద, ని. ఆరకిల్స్ వెలిగేటప్పుడు ఒక్కోటి ఒక్కో శ్రుతిలో మోగుతుంది కూడా. చిన్నప్పుడు ఎనిమిదేళ్ళు సంగీతం నేర్చుకున్న అక్కకు ఇది అస్సలు నచ్చలేదు. "మీరు ని అంటున్నది ని కాదురా" అని రెండు వారాలు గొడవపడింది. ఇప్పుడు తనే కళ్ళతో చూడకుండా మోత విని వరుస చెప్పేస్తుంది. మా మిగతావాళ్ళకు ఆ చెవి లేదు, చూసే చెబుతాం. ఒక్క లోపం ఉంది: మాట ఒక్క అక్షరమే కావడంతో, గొంతు వినిపించాక తెరుచుకునే రకం మైక్ మొదటి ముక్క మింగేస్తుంది. మైక్ ఎప్పుడూ తెరిచి ఉంచుకోవాలి. అంటే కుక్కర్ విజిల్ కూడా అందరికీ వినిపిస్తుంది.

కాల్పుల గురించి ఎక్కువ చెప్పను, అది ప్రతి ఆరు నెలలకూ మారుతుంది. ఆరకిల్స్ పూర్తయ్యాక టైమ్స్ వెంజెన్స్ అనే బలం వచ్చి, శక్తులు వేగంగా నిండుతాయి, అందరూ ఏథియాన్ మీద పడతారు. 2021 డిసెంబరులో గ్యాలార్‌హార్న్ అనే రాకెట్ లాంచర్ తిరిగి వచ్చినప్పటి నుంచి మాది రాకెట్ జట్టు. ఒక్కరి చేతిలో అది ఉంటే పక్కవాళ్ళ మామూలు లాంచర్లకు కూడా చిన్న చిన్న వోల్ఫ్‌ప్యాక్ గుండ్లు తోడవుతాయి. డివినిటీ అనే తుపాకిని చాలా కాలం మోశాం. బాస్ చుట్టూ అది కట్టే పంజరాన్ని కాల్చడం ఎవరికైనా సులువు. కానీ దాని బలహీనపరిచే శక్తిని 2022లో 30 శాతం నుంచి 15 శాతానికి తగ్గించాక పక్కన పెట్టాం. వార్‌లాక్ తరగతి ఆటగాడు జట్టును కాపాడటానికి వేసే వెల్ ఆఫ్ రేడియన్స్ ఇంకా వాడుతున్నాం కానీ, 2024 జూన్‌లో ది ఫైనల్ షేప్ వచ్చాక అందులో మునుపటి ధీమా లేదు.

ఒక్క మార్పు మాత్రం తుపాకులన్నింటికంటే ఎక్కువ ఫలితం ఇచ్చింది. కాల్పుల సమయంలో సప్లికెంట్లు అనే పేలుడు యంత్రాలు ఎగురుకుంటూ మీదకు వస్తాయి. ఒకసారి సరిగ్గా నేను రాకెట్ వదిలిన క్షణంలో ఒకటి నా ముఖానికి రెండడుగుల ఎదురుగా వచ్చి ఆగింది. రాకెట్ దానికి తగిలింది. అది పోయింది, నేనూ పోయాను, పక్కనున్న బావా పోయాడు. ఆ రోజు నుంచి ఒకరికి బాస్ వైపు చూసే హక్కు లేదు. సప్లికెంట్లను కాల్చడమే వారి పని. మొదట్లో ఎవరూ ఒప్పుకోలేదు, చివర్లో వచ్చే లెక్కల పట్టీలో అడుగున ఉండటం ఎవరికి ఇష్టం? కానీ ఆరుగురం కాల్చిన రోజుల్లో మాకు మూడు విడతలు పట్టిన బాస్, అయిదుగురమే కాల్చినప్పుడు రెండు విడతల్లో పడింది. అయిదుగురూ చివరిదాకా బతికి ఉండటమే కారణం.

మొదటి డెస్టినీలో ఏథియాన్‌ను గ్రెనేడ్లతో అంచు మీద నుంచి తోసేసి గెలిచేవారు, తర్వాత ఆ దారి మూసేశారు. మా బావ ఆ కాలపువాడు. ఇప్పటికీ ఓడినప్పుడల్లా ఆ రోజులు తలుచుకుంటాడు. ఈ రైడ్‌లో అరుదుగా దొరికే వెక్స్ మైథోక్లాస్ట్ అనే తుపాకి అతనికి మొదటి నెలలోనే దొరికింది. నాకు ఇంకా దొరకలేదు, ఆ విషయం ఇక్కడితో వదిలేస్తాను.

ప్రతి మంగళవారం రాత్రి పదిన్నరకు వారం మారుతుంది, బహుమతులు మళ్ళీ మొదటి నుంచి. ఈ మధ్య తమ్ముడికి పెళ్ళి కుదిరి రావడం తగ్గించాడు. వాడి చోటులో బెంగళూరు నుంచి ఒక కన్నడ అబ్బాయి చేరాడు. రెలిక్, పోర్టల్, సప్లికెంట్ కాపలా, అన్నీ నేర్పడానికి ఒక రాత్రంతా పట్టింది. ఆరకిల్స్ పేర్లు మాత్రం నేర్పనక్కరలేకపోయింది. "ద" అనేటప్పుడు కొంచెం గట్టిగా అనమన్నాం, అంతే.