రామప్ప గుడి: అడుగు నుంచి శిఖరం దాకా ఎలా చూడాలి

ములుగు జిల్లా పాలంపేటలోని రామప్ప గుడికి వచ్చేవాళ్ళలో చాలామంది అరగంటలో బయటపడతారు. శిఖరానికి వాడిన, నీళ్ళ మీద తేలే ఇటుకల కథ విని, మదనికల (చూరు కింద నిలిపిన నల్లరాతి స్త్రీ శిల్పాల) దగ్గర ఫోటోలు దిగి, దర్శనం చేసుకుని చెరువు వైపు వెళ్ళిపోతారు. అంతటి కట్టడానికి అరగంట అన్యాయం. రెండు గంటలు పెట్టుకోండి. కింది నుంచి పైకి, ఒక్కో భాగాన్నీ పేరుతో గుర్తుపడుతూ చూడండి.

ఇది కాకతీయ గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు 1213లో కట్టించిన రుద్రేశ్వరాలయం. 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. శాసనం ఉన్న స్తంభం ఆవరణలోనే ఉంది, ముందు దాన్ని చూసి లోపలికి నడవండి.

గుడి మొత్తం ఆరడుగుల ఎత్తున్న ఉపపీఠం, అంటే రాతి అరుగు మీద నిలబడింది. గోడ మడతలను బట్టే దీని అంచులూ మడతలు తిరుగుతాయి. చుట్టూ వదిలిన వెడల్పే ప్రదక్షిణ మార్గం. చెప్పులు కిందే విడవాలి కాబట్టి ఎండాకాలం మధ్యాహ్నం ఈ రాతి మీద అడుగు పెట్టలేరు. పొద్దున తొమ్మిదిలోపు చేరుకుంటే కాళ్ళకూ సుఖం, తూర్పు ముఖం మీద వెలుగూ బాగుంటుంది. మొదటి ప్రదక్షిణలో గోడ అడుగున బారులు తీరిన ఏనుగుల్నే చూడండి. పైవాటి కోసం ఇంకో చుట్టు తిరగొచ్చు.

పునాది కంటికి కనబడదు గానీ దాని పని మాత్రం కనబడుతుంది. గొయ్యి తవ్వి ఇసుక నింపి, దానిమీద రాయి పేర్చారు. నేల కదిలినప్పుడు ఆ అదురును ఇసుక కొంత మింగుతుంది. రంగమంటపంలో, అంటే గర్భగుడి ముందున్న స్తంభాల మంటపంలో నేల అక్కడక్కడా కుంగి ఎగుడుదిగుడుగా ఉంది, పగిలిన దూలాలూ ఉన్నాయి. అయినా కట్టడం కూలిపోలేదు. పైకి చూస్తూ నడిస్తే ఈ ఎగుడుదిగుళ్ళే కాలికి తగులుతాయి, జాగ్రత్త.

రాయి రెండు రకాలు. గోడలకు ఎర్రటి ఇసుకరాయి, శిల్పాలకూ నడిమి స్తంభాలకూ డోలరైటు అనే గట్టి నల్లరాయి. ఇసుకరాయి వానకు, గాలికి రేణువులు రాలుతూ అరుగుతుంది. డోలరైటు చెక్కడానికి చాలా కష్టం, కానీ ఒకసారి నునుపు తేలితే పోదు. ఎనిమిది వందల ఏళ్ళ తర్వాత కూడా మదనికల ఒంటి మీద మెరుపు ఉన్నది అందుకే.

మదనికలు పన్నెండు. మూడు ద్వారాల దగ్గర స్తంభం పైభాగం నుంచి చూరు కిందికి ఏటవాలుగా నిలిపారు. చూరును మోస్తున్నట్టు కనబడతారు గానీ అలంకారమే ఎక్కువ. ఒకామె కాళ్ళకు ఎత్తు మడమల పాదరక్షలున్నాయి, తప్పక చూడండి. మిగతా బయటి స్తంభాలకు ఏనుగు మీద సింహం, గజకేసరి. చలికాలంలో ఉత్తరం వైపు ఎండ పడదు. అక్కడి ఫోటోలు మసకగా వస్తాయి, దక్షిణం వైపు మధ్యాహ్నం కూడా బాగుంటాయి.

నా లెక్కలో అసలు పనితనమంతా రంగమంటపం నడుమ నాలుగు స్తంభాల దగ్గరుంది. వాటి మీది దూలాల్లో పురాణ ఘట్టాలు, ఆపైన కప్పులో చెక్కడం. చిన్న టార్చి తెచ్చుకోండి. నిలువుగా పైకి వేస్తే నీడలు చచ్చి చెక్కడం చదునుగా కనబడుతుంది, పక్క నుంచి ఏటవాలుగా వేస్తే లోతు తేలుతుంది. మంటపం అంచున వీపు ఆనించుకునేలా ఏటవాలుగా ఉన్న రాతి బల్లలే కక్షాసనాలు. తర్వాత అంతరాళ ద్వారం, అంటే మంటపానికీ గర్భగుడికీ నడుమ ఉన్న చిన్న గది వాకిలి. దాని పక్కల జాలీ పనిని (రాతిలో చిల్లులు తొలిచిన జల్లెడ చెక్కడాన్ని), నర్తకుల్ని మోకాళ్ళ ఎత్తు నుంచి మొదలుపెట్టి చూడండి. నాట్యాచార్యుడు నటరాజ రామకృష్ణ కాకతీయుల కాలపు పేరిణి నృత్యాన్ని తిరిగి నిలబెట్టడానికి ఆధారమైనవాటిలో ఈ గుడి శిల్పాలు ముఖ్యమైనవి. సరిగమలు పలుకుతుందని ఒక శిల్పాన్ని తట్టి చూపిస్తుంటారు. మీరు మాత్రం తట్టకండి. వేల వేళ్ళు, నాణేలు తగిలితే డోలరైటయినా అరుగుతుంది.

ఇక శిఖరం. ఇటుకల నిండా సన్నని రంధ్రాలు, బరువు మామూలు ఇటుకలో సగం లెక్కన ఉంటుంది, నీళ్ళకంటే తేలిక. తేలడం వింతగా చెబుతారు గానీ కట్టినవాళ్ళకు కావలసింది గర్భగుడి గోడల మీద భారం తగ్గడం. కింద బరువైన రాయి, పైన తేలికైన ఇటుక, అడుగున ఇసుక: మూడూ కలిపి చూస్తేనే లెక్క అర్థమవుతుంది.

గైడును పెట్టుకునేటప్పుడు దూలాలు, అంతరాళం, కక్షాసనాలు కూడా చూపించమని ముందే చెప్పండి, లేకపోతే మాటలు ఇటుకల దగ్గరే ఆగిపోవచ్చు. నంది మంటపానికి కప్పు లేదు, అయినా చెవులు నిక్కబొడుచుకున్న ఆ నంది దగ్గర ఐదు నిమిషాలు ఆగండి. శివరాత్రి, కార్తీక సోమవారాలు దర్శనానికి మంచివే గానీ శిల్పం చూడ్డానికి కాదు. హనుమకొండ మీదుగా వచ్చేవాళ్ళు వేయిస్తంభాల గుడిని ముందు చూసి రండి, తిరుగు దారిలో ఘనపురం కోటగుళ్ళు (కాకతీయుల నాటి గుళ్ళ సముదాయం) కలుపుకోండి. అక్కడ కప్పులు పోయి చాలాచోట్ల రాళ్ళు విడిపోయి ఉండడంతో దూలం స్తంభం మీద ఎలా కూర్చుంటుందో దగ్గర్నుంచి తెలుస్తుంది.