ఖాళీ కాగితం చదివే బెంకెయ్ కోసం ఒక్క టికెట్ తీసుకోండి

కబుకి (జపాన్ వాళ్ళ సంప్రదాయ నాటకం) అంటే నాలుగు గంటలు కదలకుండా కూర్చోవాలేమోనని టోక్యో వెళ్ళినవాళ్ళు చాలామంది వదిలేస్తుంటారు. అక్కర్లేదండీ. టోక్యోలో గింజా ప్రాంతంలోని కబుకి-జా థియేటర్‌లో ఆ కార్యక్రమంలోంచి ఒక్క నాటకానికే టికెట్ ఇస్తారు, సీట్లు 4వ అంతస్తులో. ఆ నెల 'కంజించో' అనే నాటకం వేస్తున్నారంటే ఇంకేం ఆలోచించకండి, కథ మాత్రం ముందే చదువుకుని వెళ్ళండి.

ఇది ఇచికావా దంజూరో అనే నటుల వంశం వాళ్ళ ఆస్తి. 7వ దంజూరో 1832లో తమ ఇంటి నాటకాలు 18 ఏరి ప్రకటించాడు, 'షిబరకు', 'సుకెరొకు' కూడా అందులోవే. ఇప్పుడు మనం చూసే కంజించోని 1840లో ఆయనే మొదట ఆడాడు. తరతరాలుగా వచ్చే ఆ దంజూరో పేరు 2022 నవంబరులో 13వ ఆయనకి వచ్చింది.

కథలో, అన్న చంపించేస్తాడని పారిపోతున్న యోషిత్సునే కూలివాడి వేషంలో ఉంటాడు, అనుచరుడు బెంకెయ్ గుడికి చందాలు పోగుచేసే సన్యాసినంటాడు, దారిలో అడ్డగించిన కాపలా అధికారి తొగాషి అయితే ఆ చందా పత్రం చదవమంటాడు. బెంకెయ్ ఖాళీ కాగితం చుట్ట విప్పి గుక్క తిప్పుకోకుండా చదివేస్తాడు. తొగాషి మెల్లగా ఒక అడుగేసి తొంగిచూడబోతాడు, బెంకెయ్ చటుక్కున కాగితం తిప్పేసి బిగుసుకుపోతాడు, ఇద్దరూ అలా శిల్పాల్లా నిలబడిపోతారు. నాకు ఊపిరి ఆగిపోయింది. సరిగ్గా అప్పుడే పై వరసల్లోంచి ఎవరో 'నరితాయా!' అని అరిచారు, అది ఆ వంశం ఇంటిపేరులాంటిది. మన పద్యనాటకాల్లో 'వన్స్ మోర్' కేకలు గుర్తొచ్చాయి, కాకపోతే ఇక్కడ కేక సంభాషణ మీద పడకుండా ఆ చిన్న ఖాళీలోనే పడాలి.

అనుమానం పోగొట్టడానికి బెంకెయ్ తన ప్రభువునే కర్రతో కొడతాడు. తొగాషికి నిజం అర్థమైపోతుంది, అయినా పోనిస్తాడు. మాటల్లో ఎవరూ చెప్పరు, అతని ముఖంలోనే తెలుస్తుంది. రంగం మీద వెనక ఒక పైన్ చెట్టు బొమ్మ, దాని ముందు వరసగా కూర్చున్న సంగీతకారులు, అంతే, ఇంకే సెట్టింగూ లేదు.

డబ్బు పెట్టగలిగితే కింద సీటే తీసుకోండి, ప్రేక్షకుల మధ్యలోంచి వెళ్ళే హనమిచి అనే దారి పక్కన. ఆఖర్లో తెర పడ్డాక బెంకెయ్ ఒక్కడే బయట మిగులుతాడు, తల వంచి దండం పెడతాడు, తర్వాత ఒంటికాలి మీద గెంతుతూ గెంతుతూ ఆ దారి చివరిదాకా దూసుకుపోతాడు. పైనుంచి నాకు అందులో మొదటి సగమే కనిపించింది, మిగతాదంతా ఆ పాదాల చప్పుడు విన్నాను.