వత్తుల్లేని ‘ఫ్యూచర్’ ఫాంట్లు: 2,400 తగలేయకండి

బెజవాడ డీటీపీ, స్టిక్కర్ కటింగ్ గ్రూపుల్లో రోజూ ‘ఫ్యూచరిస్టిక్ తెలుగు, 12 ఫాంట్ల ప్యాక్’ అని పెడుతుంటాడే, ఆయన సంగతే. పేరెందుకు, అందరికీ తెలిసిందే. 2,400 ఫోన్‌పే కొట్టాక జిప్ ఫైలు వచ్చింది.

పని ఆటోనగర్లో బ్యాటరీ బళ్ల షెడ్డు బోర్డు. ‘మోటార్ వర్క్స్’ అని టైపు చేస్తే ‘ర’ కింద కావత్తు, సావత్తు పడాలి కదా. పడలేదు. ర్, క్, స్ అని మూడు పొల్లులూ వరసగా నిలబడ్డాయి. ఫాంట్ లోపలేముందో చూపే ఫాంట్‌ఫోర్జ్ సాఫ్ట్‌వేర్లో తెరిచి చూస్తే అచ్చులు, హల్లులు, గుణింతం గుర్తులు యూనికోడ్ గడుల్లోనే ఉన్నాయి. వత్తు ఒక్కటీ గీయలేదు. హల్లు, పొల్లు, హల్లు వరసగా వస్తే వత్తు వెయ్యమని చెప్పే జీసబ్ టేబులే లేదు. డిజైన్ చేసే కోరల్‌డ్రాలో అదే, ఇల్లస్ట్రేటర్లో అదే. లేని వత్తుని ఏ సాఫ్ట్‌వేర్ పుట్టిస్తుంది?

ఫోన్ చేసి అడిగితే ఆయనగారి జవాబు: “వత్తులెవరు చూస్తారండీ? దూరం నుంచి స్టైలు కనపడాలి గానీ.”

తెలుగు ఫాంట్లు అమ్ముకునే మనిషి అనాల్సిన మాటేనా ఇది? ‘డబ్బులు వాపస్ ఇవ్వండి’ అని ఆయన ఫాంట్లోనే రాసి పంపుదామంటే అదీ కుదరదు. డబ్బులోనూ వత్తే, ఇవ్వండిలోనూ వత్తే!

బుద్ధి నాకుండాలి. శాంపిల్ బొమ్మలో ఉన్నవి ‘రోబో’, ‘రాకెట్’, ‘రేపటి నగరం’. వత్తు లేని మాటలే ఏరి ఏరి పెట్టాడు. కళ్లెక్కడ పెట్టుకున్నానో.

పైగా ‘స్టెన్సిల్ లుక్’ పేరుతో తలకట్టుని ఒంటి నుంచి విడగొట్టాడు. ఇంగ్లీషు ‘ఏ’కి అడ్డగీత తీసేసినా చదువుకుంటాం. తెలుగులో వ, పల తేడా అంతా తలకట్టు అంటుకుందా లేదా అన్నదే. అది విడిపోతే ‘వర్క్స్’ కాస్తా ‘పర్క్స్’.

ఇంగ్లీషు అక్షరాలైతే అచ్చంగా ఆర్బిట్రాన్ అనే ఫాంటువే. గూగుల్ ఫాంట్స్‌లో ఉచితం. దాని ఓపెన్ ఫాంట్ లైసెన్స్ ప్రకారం ఫాంటుని విడిగా అమ్మకూడదు, మార్చినా అదే లైసెన్స్ కింద ఇవ్వాలి. ఈయన పేరు మార్చాడు, ఫైల్లో అసలు యజమాని పేరుండే కాపీరైట్ గడి మార్చడం మరిచాడు. అన్నట్టు ఈ చదరపు ‘ఫ్యూచర్’ మరీ అంత కొత్తదేం కాదు, ఇటలీలో ఇలాంటి చదరపు ఫాంటే యూరోస్టైల్ వచ్చింది 1962లో.

కొనేముందు ‘స్త్రీ, లక్ష్మి, వర్క్స్, డబ్బు’ టైపు చేయించి చూపించమనండి. బోర్డు అర్జెంటయితే అనేక్ తెలుగు అనే ఫాంట్ ఉచితమే, వెడల్పు 125 శాతం దాకా, మందం బాగా బొద్దుగా 800 దాకా లాగొచ్చు, ఆర్బిట్రాన్ పక్కన బాగానే నప్పుతుంది. కటింగుకి పంపేముందు అక్షరాల్ని కర్వ్స్ (గీతల బొమ్మ) చేసి, ముక్కలన్నీ ఒకటయ్యేలా వెల్డ్ కొట్టండి, లేకపోతే అక్షరమూ గుడీ కలిసేచోట బ్లేడు అడ్డంగా కోసేస్తుంది.